ఫెటీగ్ అంటే అలసటా, నీరసమా?

పాఠకుల ప్రశ్నలకు ఒడిశా సరిహద్దు ఊరు పర్లాకిమిడి నుంచి టీచరమ్మ జవాబులు

ప్రశ్న: టీచరమ్మ గారికి నమస్కారం. మాది గుణుపురం దగ్గర పల్లె. మా అమ్మకు యాభై ఎనిమిదేళ్లు. మూడు నెలలుగా ఒంట్లో బాగుండక ఆసుపత్రికి తీసుకెళ్లాను. డాక్టరు గారు ఒడియాలో అడిగారు, నాకు వచ్చినంతలో చెప్పాను. చీటీ మీద మొదటి వరుసలో సి, ఒక ఏటవాలు గీత, ఓ అని, తర్వాత ఎఫ్-ఏ-టి-ఐ-జి-యు-ఇ అని, దాని పక్కన ఇంటూ గుర్తు పెట్టి 3/12 అని రాశారు. మందుల షాపు అబ్బాయి చూసి, "అలసట అని రాశారు, బలానికి సిరప్ ఇచ్చారు" అన్నాడు. మా పెద్దాడు పదో తరగతి. వాడు 'ఫాటిగ్యూ' అని చదివి, డిక్షనరీలో వెతికి అలసట అనే చెప్పాడు. అమ్మ జీడితోట పనికి వెళ్లడం మానేసి రెండు నెలలైంది. పని చేయని మనిషికి అలసట ఏమిటి? ఆ మాటకు అసలు అర్థం ఏమిటి? ఆ 3/12 డిసెంబరు మూడో తేదీనా? మేం వెళ్లింది ఆగస్టులో కదా.

జవాబు: బాబూ, నీ ఉత్తరం రెండుసార్లు చదివాను. పని చేయని మనిషికి అలసట ఏమిటని అడిగావు చూడు, అక్కడే ఆగిపోయాను. దానికి తర్వాత వస్తాను. ముందు చీటీ సంగతి.

సి, గీత, ఓ అంటే ఉత్తరాల మీద రాసే కేరాఫ్ కాదు. డాక్టర్లు దాన్ని 'కంప్లెయిన్స్ ఆఫ్' అనే మాటకు పొట్టిగా రాస్తారు. రోగి తన నోటితో ఏ బాధ చెప్పుకున్నాడో అది. ఎవరి మీదో ఫిర్యాదు అనుకోకు. 3/12 తేదీ కాదు. కింద పన్నెండు ఉంటే నెలలు, యాభై రెండు ఉంటే వారాలు, ఏడు ఉంటే రోజులు. ఏడాదికి పన్నెండు నెలలు, యాభై రెండు వారాలు, వారానికి ఏడు రోజులు, అదీ లెక్క. అంటే ఆ వరుస మొత్తానికి అర్థం, 'మూడు నెలలుగా ఫెటీగ్‌గా ఉందని చెబుతోంది' అని. అది డాక్టరు గారు తేల్చిన జబ్బు పేరు కాదు. నువ్వు ఒడియాలో చెప్పిన మాటే ఇంగ్లీషులోకి మారి ఆ కాగితం మీద కూర్చుంది. ఇది బాగా గుర్తు పెట్టుకో.

మీ పెద్దాడిని కసరకండి. వాడు చదివింది తెలివితక్కువతనం కాదు. ఆర్గ్యూ అనే మాట చివర కూడా జి-యు-ఇ ఉంది, అక్కడ 'గ్యూ' అనే పలుకుతాం. ఏగ్యూ అని ఇంకో పాత మాట ఉంది, చలి జ్వరానికి. మలేరియా అనే పేరు వాడుకలోకి రాకముందు, వణికించే జ్వరాన్ని ఇంగ్లీషువాళ్లు అలాగే అనేవారు. అక్కడా 'గ్యూ'నే. కాకపోతే మీ చీటీలోని మాటకు ఫ్రెంచి పలుకుబడే నిలిచింది, అందుకని చివరి రెండు అక్షరాలు నోరు మెదపవు. లీగ్, ప్లేగ్, కేటలాగ్ అన్నట్టే ఇది ఫెటీగ్. 'ఫె' మీద ఒత్తొద్దు, దాన్ని తేల్చి పలికి, 'టీగ్' మీద ఊనాలి. వాడి చేత నాలుగుసార్లు పైకి అనిపించండి, ఇక మరచిపోడు.

ఇప్పుడు అర్థం. డిక్షనరీ అలసట అని చెప్పింది, అది అబద్ధం కాదు. లాటిన్‌లో దీని మూలమైన క్రియకు అలసిపోయేలా చేయడం అనే అర్థం. కానీ మనం తెలుగువాళ్లం రెండు వేరు వేరు గదుల్లో పెట్టుకున్న వస్తువుల్ని ఇంగ్లీషువాళ్లు ఈ ఒక్క మాటలో పోసేశారు. పొద్దున్నుంచి ఊడ్పు ఊడ్చి, సాయంత్రం గట్టు మీద కూలబడితే అది అలసట. దానికి కారణం కళ్లెదుట ఉంది. వేడినీళ్లు పోసుకుని, ఇంత అన్నం తిని, రాత్రి పడుకుంటే తెల్లారేసరికి పోతుంది. ఏ పనీ చేయకుండా, నిద్ర లేస్తూనే, మంచం దిగడానికే ఒళ్లు సహకరించకపోతే దాన్ని మనం అలసట అనం. నీరసం అంటాం. ఇంకా ముదిరితే నిస్సత్తువ, నిస్త్రాణ. ప్రయాణం చేసి వస్తే బడలిక. కళ్లు బైర్లు కమ్మి కూలబడితే సొమ్మసిల్లడం. తిండి లేక, తాపానికి తట్టుకోలేక తూలితే శోష. ఎంత వివరంగా చెప్పుకుంటామో చూడు. డాక్టర్లు ఫెటీగ్ అని రాసినప్పుడు, ఎక్కువగా వాళ్ల మనసులో ఉండేది మన రెండో గదిలోని సరుకే. రోజంతా పని చేసి అలసిన మనిషి ఆసుపత్రికి రాడు కదా.

అందుకని నీ ప్రశ్నే జవాబు బాబూ. పని చేయని మనిషికి అలసట ఉండదు. మీ అమ్మగారిది నీరసం. ఆ చీటీలో ఫెటీగ్‌ను నీరసం అనే చదువుకో.

ఇక్కడ నా ఇంటి సంగతి ఒకటి చెప్పాలి. చెప్పడం కష్టంగానే ఉంది, అయినా చెబుతాను.

పాతికేళ్ల కిందటి మాట. మా అత్తగారు నూతి దగ్గర బిందె ఎత్తుకోలేక, చప్టా మీద కూర్చుండిపోయేవారు. "ఏటమ్మా?" అంటే, "నీర్సం అమ్మా, ఒంట్లో సత్తువ నేదు" అనేవారు. అప్పటికి నేను ఇంగ్లీషు టీచరుగా చేరి పదేళ్లు దాటింది. ఒక ఆసుపత్రికి తీసుకెళ్లాను. అక్కడి డాక్టరు గారికి తెలుగు రాదు. మా అత్తగారికి మన ఒడియా బజారు వరకే. మధ్యలో నేను. ఆవిడ నీర్సం అన్న మాటను నేను ఇంగ్లీషులో 'పని చేశాక టైర్డ్‌గా ఉంటోందట' అని చెప్పాను. 'పని చేశాక' అని ఆవిడ అనలేదు. ఆ ముక్క నేను కలిపాను. టైర్డ్ అనే మాట నోటికి వచ్చేసరికి, దానికి ఒక కారణం తగిలించాలనిపించింది. డాక్టరు గారు న్యాయంగానే, ఈ వయసులో పని తగ్గించమనండి అని చెప్పి ఒక టానిక్ రాశారు. ఇంటికొచ్చి ఆవిడ చేతిలోంచి చీపురు లాగేసుకున్నాం. ఆవిడేమో ఏ పనీ లేకుండా గోడకు చేరబడి, నెలన్నర పాటు మరింత పాలిపోయారు.

తర్వాత శ్రీకాకుళం తీసుకెళితే అక్కడి డాక్టరమ్మ గారు తెలుగులో, "ఏం పెద్దమ్మా, పని చేస్తే వస్తుందా, ఊరికే కూర్చున్నా ఉంటుందా?" అని అడిగారు. ఆ ప్రశ్న నేను ఇంట్లో ఒక్కసారి కూడా అడగలేదు. "కూకున్నా ఉంతాది తల్లీ, మాటాడినా ఆయాసమే" అన్నారు మా అత్తగారు. ఆ డాక్టరమ్మ గారు కింది కనురెప్పను బొటనవేలితో కిందికి లాగి నాకు చూపించారు. లోపల ఎర్రగా ఉండాల్సిన చోట కడిగిన బియ్యంలా తెల్లగా ఉంది. అరచెయ్యి తిప్పి నా అరచెయ్యి పక్కన పెట్టారు. ఇక వేరే చెప్పక్కర్లేదు. రక్తపరీక్షలో హిమోగ్లోబిన్ ఆరు. ఆడవాళ్లకు పన్నెండుకు తగ్గితే రక్తహీనత కిందే లెక్క. ఆవిడకు అందులో సగం ఉంది. రక్తం ఎక్కించి, ఎక్కడ పోతోందో కనిపెట్టి మందులిచ్చారు. ఆ తర్వాత పదకొండేళ్లు బతికారు, ఆఖరి దాకా తన బిందె తనే ఎత్తుకున్నారు.

నేను డాక్టరును కాను బాబూ. మీ అమ్మగారికి ఏముందో ఉత్తరం చదివి చెప్పలేను. రక్తం తక్కువైనా నీరసమే, షుగర్ ఉన్నా నీరసమే, థైరాయిడ్ తగ్గినా, జ్వరం ఒంట్లో దాక్కున్నా, మనసులో దిగులు పెట్టుకున్నా నీరసమే. ఆ చీటీ పట్టుకుని మళ్లీ వెళ్లు. మూడు సంగతులు ఒడియాలో ముందే కూడబలుక్కుని వెళ్లు. నిద్ర లేచినప్పుడు కూడా ఉంటుందా, నాలుగు మెట్లెక్కితే ఆయాసం వస్తుందా, పని మానేశాక తగ్గిందా లేదా. అమ్మ చెప్పిన మాటకు నీ మాట కలపకు. ఆవిడ నీరసం అంటే నీరసమే అను. మన సరిహద్దు ఊళ్లలో చాలామంది డాక్టర్లకు ఆ మాట తెలుసు. తెలియకపోతే అడుగుతారు. అడిగితేనే మంచిది.

ప్రశ్న: నమస్తే మేడమ్. నేను కాశీనగర్ దగ్గరి పల్లె నుంచి పట్టాళంలో చేరి, పదిహేడేళ్లు చేసి వచ్చాను. అక్కడ గడ్డి కోయడం, కాలవలు తీయడం, సామాన్లు మోయడం లాంటి పనుల్ని ఫటీగ్ అనేవాళ్లం. "ఈ రోజు నీకు ఫటీగ్ పడింది" అనేవారు. డాక్టర్ల ఫెటీగ్, మా ఫటీగ్ ఒకటేనా? మా అమ్మాయి కాదంటోంది.

జవాబు: రెండూ ఒకటే తమ్ముడూ. అమ్మాయికి చెప్పు, నాన్న చెప్పింది నిజమేనని. యుద్ధానికీ ఆయుధానికీ సంబంధం లేని ఒళ్లు వంచే పనికి ఇంగ్లీషు సైన్యంలో ఫెటీగ్ డ్యూటీ అని పేరు. అలుపు తెప్పించే పనికి అలుపు పేరే పెట్టేశారు. ఆ పనికి వెళ్లేటప్పుడు మంచి యూనిఫాం పాడవకుండా వేరే ముతక బట్టలు వేసుకునేవారు. ఆ బట్టలకు చివర ఎస్ చేర్చి ఫెటీగ్స్ అన్నారు. తర్వాత్తర్వాత మామూలుగా తొడుక్కునే సైనిక దుస్తులకే ఆ పేరు నిలిచింది. ఇంగ్లీషు వార్తల్లో 'ఫెటీగ్స్‌లో ఉన్న ఒక వ్యక్తి' అని వస్తే, అలసిపోయిన మనిషి అనుకోకూడదు. సైనికుల దుస్తుల్లో ఉన్నాడని.

మనకూ ఇలాంటి అలవాటు ఉంది. శ్రమ అంటే అలసట అనే అర్థమూ ఉంది, పని అనే అర్థమూ ఉంది. "మీకు శ్రమ ఇచ్చాను" అంటాం, శ్రమదానం అనీ అంటాం. అమ్మాయికి ఈ ఉదాహరణ చెబితే వెంటనే పట్టుకుంటుంది.

ప్రశ్న: నేను బరంపురంలో మెకానికల్ డిప్లొమా చదువుతున్నాను. పుస్తకంలో మెటల్ ఫెటీగ్ అని ఉంది. ఇనుముకి అలసట ఏమిటండీ? తెలుగులో ఎలా అర్థం చేసుకోవాలి?

జవాబు: నాకు ఇంజనీరింగ్ రాదు బాబూ, మాట వరకే చెబుతాను. అయితే ఒక్క పని చెయ్యి. ఇల్లు కట్టే చోట కమ్మీలకు చుట్టే బైండింగ్ వైరు జానెడు తెచ్చుకో. దాన్ని రెండు చేతులతో లాగి తెంపమంటే నీ వల్ల కాదు. అదే తీగను ఒకే చోట ఇటు వంచు, అటు వంచు. కొన్నిసార్లు వంచాక ఆ మడత దగ్గర వేలు పెట్టి చూడు, వెచ్చగా తగులుతుంది. ఇంకొన్నిసార్లు వంచితే చడీచప్పుడు లేకుండా చేతిలో రెండు ముక్కలవుతుంది. ఒక్కసారి లాగితే తట్టుకున్న తీగ, చిన్న బరువే పదే పదే పడేసరికి ఓడిపోయింది. నువ్వు వంచినంత మొరటుగా కాకపోయినా, పైకి వంగినట్టే కనిపించని చిన్న చిన్న ఒత్తిళ్లు లక్షల సార్లు పడితే పెద్ద ఇరుసుకైనా లోపల సన్నని పగులు పుడుతుంది, అది రోజురోజుకీ పాకుతుంది. దాన్నే మెటల్ ఫెటీగ్ అన్నారు.

ఈ సంగతి మనుషులకు ప్రాణాలు పోయాకే బాగా తెలిసొచ్చింది. 1842లో ఫ్రాన్స్‌లో వెర్సయ్ నుంచి పారిస్ వెళ్లే రైల్లో ఇంజను ఇరుసు విరిగి, యాభై మందికి పైగా చనిపోయారు. ఆ తర్వాత జర్మనీ వైపు ఆగస్ట్ వోలర్ అనే రైల్వే ఇంజనీరు, ఇరుసుల్ని యంత్రాల మీద తిప్పి తిప్పి, ఎంత బరువుకు ఎన్ని తిప్పులు ఓర్చుకుంటాయో ఏళ్ల తరబడి లెక్క కట్టాడు. అయినా 1954లో కామెట్ అనే జెట్ విమానాలు రెండు మధ్యధరా సముద్రంలో కూలిపోయాయి. పైకి ఎగిరిన ప్రతిసారీ లోపలి గాలి ఒత్తిడికి విమానం రేకు సాగి, దిగినప్పుడు సర్దుకుని, చివరికి పగిలిందని తేల్చారు. నౌపడా నుంచి గుణుపురం వెళ్లే మన చిన్న రైలు మీటరు కన్నా తక్కువ ఎడం ఉన్న పట్టాల మీద నడిచే రోజుల్లో, స్టేషన్లో ఒక మనిషి సుత్తి పట్టుకుని చక్రాల మీద కొడుతూ నడవడం చూసేదాన్ని. పగులుంటే మోత తేడాగా ఉంటుందట. ఆ చప్పుడు నాకిప్పటికీ చెవుల్లో ఉంది.

తెలుగులో దాన్ని లోహపు అలసట అనొచ్చు. నాకైతే 'అరుగుడు' అనకూడదనిపిస్తుంది, ఎందుకంటే అరుగుడు పైకి కనిపిస్తుంది, ఇది కనిపించదు. ఒక తేడా మాత్రం మనసులో ఉంచుకో. మనిషి పడుకుంటే తేరుకుంటాడు. ఇనుముకు ఎంత విశ్రాంతి ఇచ్చినా, పడిన పగులు పూడదు.

ప్రశ్న: ఐ యామ్ ఫెటీగ్ అనవచ్చా? టైర్డ్, ఎగ్జాస్టెడ్, వియరీ, వీటిలో ఏది ఎప్పుడు వాడాలి? - రాయగడ నుంచి ఒక చెల్లెలు, బ్యాంకు పరీక్షలకు చదువుతోంది.

జవాబు: అనకూడదమ్మా. ఫెటీగ్ వస్తువు లాంటిది, నేను అలసట అన్నట్టు ఉంటుంది. ఐ యామ్ ఫెటీగ్డ్ అనాలి. అదీ రోజువారీ మాటల్లో బరువుగా ఉంటుంది. ఇంట్లో, ఆఫీసులో టైర్డ్ చాలు. ఫెటీగ్ కాగితం మీది మాట, డాక్టరు నోటి మాట.

పరీక్షలో ఎక్కువమంది తప్పేది టైర్డ్ పక్కన వచ్చే చిన్న మాట దగ్గర. టైర్డ్ ఫ్రమ్ అంటే దాని వల్ల అలసిపోయాను. టైర్డ్ ఆఫ్ అంటే విసిగిపోయాను. టైర్డ్ ఫ్రమ్ కుకింగ్ అంటే వంట చేసి అలసింది, రేపు మళ్లీ చేస్తుంది. టైర్డ్ ఆఫ్ కుకింగ్ అంటే వంటంటేనే విసుగెత్తింది. ఇంటర్వ్యూలో ఈ రెండోది పొరపాటున వస్తే, పాత ఉద్యోగం మీద అక్కసు వెళ్లగక్కినట్టు వింటారు. జాగ్రత్త. అలాగే ఐ యామ్ టైరింగ్ అని రాస్తున్నారు చాలామంది. టైరింగ్ అంటే అలసట తెప్పించేది, ప్రయాణమో పనో. నువ్వు టైర్డ్, నీ పని టైరింగ్.

వియరీలో మనసు అలుపు ఎక్కువ, కథల్లో కనిపిస్తుంది. మన వేసారడం దానికి దగ్గర.

ఎగ్జాస్టెడ్ అంటే నాకు ప్రాణం. లాటిన్‌లో దాని అసలు అర్థం నీళ్లు బయటికి తోడేయడం. వంటింట్లో పొగ బయటికి తోసే ఎగ్జాస్ట్ ఫ్యానూ అదే మాట. సరుకు నిండుకుంటే స్టాక్ ఎగ్జాస్టెడ్ అని బోర్డు పెడతారు కదా, అదీ అదే. వేసవిలో మా నూతిలో బొక్కెన అడుగున బురదకు తగిలి, డొక్కు చప్పుడుతో సగం బురద, సగం నీళ్లతో పైకి వచ్చేది. అలా చివరి బొక్కెన దాకా తోడేసిన మనిషి ఎగ్జాస్టెడ్. మన నీరసం కూడా చూడమ్మా, నిర్ అంటే లేదు, రసం అంటే ఒంట్లోని సారం. సారం లేకపోవడం. ఎక్కడి లాటిన్, ఎక్కడి సంస్కృతం, ఇద్దరికీ ఎండిపోయిన చోటే గుర్తొచ్చింది. ఈ సంగతి తెలిసిన రోజు క్లాసులో పిల్లలకు చెబుతూ నాకు ఒళ్లు పులకరించింది.

ప్రశ్న: అక్కా, మాది జయపురం. మా పిల్లలు బడి నుంచి రాగానే "అమ్మా, హాలియా అయిపోయాను" అంటారు. మా వారి అన్నగారు శ్రీకాకుళం నుంచి వచ్చినప్పుడు, పిల్లలకు తెలుగు పోయిందని చాలా బాధపడ్డారు. నాకూ అప్పటి నుంచి ఒకటే టెన్షన్. ఆ మాట మాన్పించాలా?

జవాబు: మాన్పించకు తల్లీ. హాలియా లాగుచి అని పక్కింటి పిల్లలు రోజూ అంటుంటే, మన పిల్లలకు అది అంటుకోక ఏమవుతుంది? అది చక్కని ఒడియా మాట, అలసటకు సరిగ్గా సరిపోతుంది. పైగా వాళ్లు 'అయిపోయాను' అని తెలుగు తోకే తగిలించారు. తెలుగు పోయిన పిల్లలు అలా అనరు.

మా ఊళ్లోనే గిడుగు రామమూర్తి గారు పంతులుగా ఉండి, జనం నోట్లో ఉన్న తెలుగే రాతలోకి రావాలని పోరాడారు. ఆయన పుట్టిన ఆగస్టు 29ని తెలుగు భాషా దినోత్సవంగా జరుపుకుంటున్నాం. అదే మనిషి కొండల మీది సవరల భాష నేర్చుకుని, వాళ్ల మాటకు వ్యాకరణం రాశారు, నిఘంటువు కట్టారు. సవర భాష మీద ఆయన ఇంగ్లీషులో రాసిన పుస్తకం 1931లో అచ్చయింది. తెలుగు మీద అంత ప్రాణం పెట్టుకున్న మనిషే పక్కవాళ్ల భాషనూ అంతగా ప్రేమించారు. 1936లో పర్లాకిమిడి ఒడిశాలో కలిసింది. అప్పటి నుంచి మన ఇళ్లలో రెండు భాషలూ ఒకే చూరు కింద ఉంటున్నాయి.

మీ బావగారి బాధ కూడా నిజమైనదే, తీసిపారేయకు. హాలియా ఉండనీ, దాని పక్కన ఇంకో నాలుగు మాటలు నువ్వు పెట్టు. బడి నుంచి వచ్చి సంచి పడేసినప్పుడు, "అలిసిపోయావా నాన్నా?" అని నువ్వే ముందు అడుగు. బస్సులో రాయగడ వెళ్లి వచ్చిన రోజు, "బడలికగా ఉందా?" అను. ఆటలాడి వచ్చి ఒగరుస్తుంటే ఆయాసం, కాళ్లు నొప్పులంటే కాళ్లు పీకుతున్నాయి, జ్వరం తగ్గిన మర్నాడు నీరసం. ఏ మాట ఏ పూటదో నీ నోటి నుంచి వింటే, వాళ్లకు విడిగా పాఠం అక్కర్లేదు. ముఖ్యంగా ఆ చివరి మాట నేర్పు. రేపు నీకో, మీ అత్తగారికో ఒంట్లో బాగుండకపోతే, డాక్టరు దగ్గర నీ పక్కన నిలబడి చెప్పాల్సింది ఆ పిల్లలే.